చెవిలో ఇల్లు

చెవిలో ఇల్లు కట్టుకుని పోరడమంటారే,
నేను ఇరవై రెండేళ్లు ఆ ఇంట్లోనే ఉన్నాను.
అద్దె కూడా కట్టలేదు.
చిక్కుడు గింజంత యంత్రం నీ ఎడమ చెవిలో.
అద్దాల గదిలో మైకు ముందు నేను.
మధ్యలో మెక్సికో నగరపు నాలుగో ఫ్లోరు,
అట్ట గోడలు,
దుమ్ము పట్టిన ప్లాస్టిక్ కాగితంపూలు.

రోజుకి ముప్పై సీన్లు, ఎవరు బట్టీ పట్టగలరు?
"నువ్వు నా కడుపున పుట్టలేదు"
అని ఆవులింత ఆపుకుంటూ అనేవాణ్ని నేను.
అర క్షణం తర్వాత
అదే మాట నీ నోట తడిసి బయటికొచ్చేది.
ఊరూరా ఇస్త్రీపెట్టెలు ఆగేవి.
ఎన్ని చొక్కాలు కాలాయో ఆ ఏడాది!

నీ అసలు పేరు ఎన్కార్నసియోన్.
లెయోన్‌లో చెప్పులు కుట్టే ఇంటి పిల్లవి.
ఆ పేరు తెర మీద పట్టదని నిర్మాత కోసిపారేసి
ఆంపారో అని ఒకటి అతికించాడు.
"తోలు నాదే, మడమ మార్చారు" అన్నావు
మొదటిరోజు నా బల్ల మీదెక్కి కూర్చుని,
కారం అద్దిన చింతపండు మిఠాయి చప్పరిస్తూ.

పందొమ్మిదేళ్లకి పనిమనిషివి,
యజమాని కొడుకు నిన్ను మెట్ల మీద ప్రేమించాడు.
తర్వాత గుడ్డి వారసురాలివి.
నూట పన్నెండో ఎపిసోడ్‌లో నీకు చూపొచ్చింది, రేటింగు పోయింది.
తెర మీద పదకొండు పెళ్లిళ్లు, బయట ఒకటిన్నర.
నాలుగుసార్లు చచ్చావు.
సిమెంటు మిక్సర్‌లో పడి కూడా తిరిగొచ్చావు,
నీకు నువ్వే చెల్లెలివై.

విలన్‌వయ్యాక
పూల మార్కెట్లో ఒకామె నీ మీద బకెట్ నీళ్లు కుమ్మరించింది,
పసిదానికి విషం పెడతావా అని.
జుట్టుకి బంతిరెక్కలతో అలాగే సెట్టుకొచ్చావు.
"నమ్మింది, ఎలీహియో! నమ్మేసింది!"
ఆరోజు నీకు తువ్వాలు అక్కర్లేకపోయింది.

ఇంకో రోజు. దాని గురించి మనం మాట్లాడుకోలేదు.
మేకప్ అబ్బాయి ఫోను తెచ్చిచ్చాడు.
మీ నాన్న పోయారని మీ అన్న చెబుతున్నాడు.
నువ్వు ఎడమ చెవి తడుముకున్నావు.
అద్దం వైపు, నా వైపు చూశావు,
లైను కోసం.
నేను కాగితం తిప్పాను.
మళ్లీ తిప్పాను.
మైకు తెరిచే ఉంది,
నా ఊపిరి మాత్రం వినబడి ఉంటుంది నీకు.
"సరే" అన్నావు ఫోనులో.
అంత చెత్త డైలాగు నేనెప్పుడూ ఇవ్వలేదు.

కాంట్రాక్టు అయిపోయింది.
మేడ మెట్లెక్కి వెళ్లిపోతుంది, అని రాశారు.
అంతే, చావు కూడా లేదు ఈసారి.
ఆ మెట్లు ఎక్కడికీ పోవు.
పదకొండో మెట్టు దాటితే చీకటి, వైర్లు,
కిందికి దిగడానికి ఒక నిచ్చెన వేస్తారు.
ఆరోజు వేయడం మరిచారు.
కట్ అన్నారు, కేకు కోశారు, లైట్లు తీశారు.
నువ్వు పైన నిలబడే ఉన్నావు,
పట్టు గౌను అంచు చేత్తో ఎత్తిపట్టుకుని.
"కదలకు, వస్తున్నాను" అన్నాను మైకులో.
ఎవరూ రాసివ్వకుండా
నీతో నేనన్న మాట అదొక్కటే.

ఇప్పుడు గురువారాలు మీ ఫ్లాట్‌కొస్తాను.
అదే చెవిలో ఇప్పుడు వినికిడి యంత్రం,
ఈల వేస్తోందని తీసి చక్కెర గిన్నెలో పడేస్తావు.
మధ్యాహ్నం రెండింటికి పాత సీరియల్ మళ్లీ వేస్తున్నారు.
తెర మీద నువ్వు గ్లాసులో పొడి కలుపుతూ
పెదాలు కదుపుతున్నావు.
"ఇక్కడ ఏమన్నాను?" అని అరిచావు.

నాకు కంఠతా వచ్చు.
ఆ నలభై పేజీలూ వచ్చు.
చెవి దగ్గరికి వంగి
"ఆకలేస్తోంది అన్నావు" అన్నాను.

నువ్వు నవ్వి నవ్వి దగ్గు తెచ్చుకుని,
నీళ్లు తాగి,
"అప్పుడే ఇవ్వాల్సింది ఆ లైను" అన్నావు.